పుట్టుకతో వచ్చిన ఈత

చాతం జెట్టీలో బాంబూఫ్లాట్ పడవకి టికెట్లు ఇచ్చే బాబ్జీకి ఈత రాదు. నలభైకి దగ్గర పడేదాకా ఈ సంగతి బయటివాళ్ళెవరికీ తెలియలేదంటే, దాచడంలో అతని పనితనం ఎంతటిదో మీరే అర్థం చేసుకోండి. పుట్టింది జంగ్లీఘాట్ చేపలవాళ్ళ పేటలో. తండ్రి యర్రయ్య శ్రీకాకుళం తీరం నుంచి సముద్రం దాటి ఈ దీవులకి వచ్చి వల వేసిన మనిషి. అలాంటి ఇంట్లో పుట్టిన మగపిల్లాడికి ఈత రాదని ఎవరైనా అంటే, అన్నవాడినే పిచ్చివాడికింద జమకట్టే పేట అది. బాబ్జీ ఆ నమ్మకం చాటున హాయిగా బతికేశాడు. తోటిపిల్లలు గట్టుమీంచి దూకుతుంటే చెవిలో చీము కారుతోందన్నాడు. పెద్దయ్యాక జ్వరమన్నాడు, డ్యూటీ అన్నాడు. అడిగేవాళ్ళే అలిసిపోయారు.

మొదట్లో తప్పు అతనిది కాదు. బాబ్జీ బళ్ళో వేసే వయసులో ఉండగా యర్రయ్య పడవ తిరగబడింది. మనిషి దొరకలేదు. తల్లి ఎరుకమ్మ పిల్లాణ్ణి చంకనేసుకుని రేవుకి వెళ్ళి సముద్రానికి ఎదురుగా నిలబడి మొక్కుకుంది. "గంగమ్మ తల్లీ, వీడి బాబుని నువ్వుంచేసుకున్నావు. వీడి కాలు నీ నీల్లల్లో ఎట్టనివ్వను. నువ్వూ వీడి జోలికి రాకు" అంది. ఆ పేటలో గంగమ్మ మొక్కు బయటికి చెప్పుకోరు. చెబితే పలచబడిపోతుందంటారు. మొక్కిన మనిషికీ, ఎవరికోసం మొక్కారో ఆ మనిషికీ తప్ప మూడోవాళ్ళకి తెలియకూడదు. బాబ్జీకి అంతకంటే కావలసిందేముంది? పెళ్ళయ్యాక భార్య పద్మినికి మాత్రం చెవిలో చెప్పాడు. అదీ తనకి అనుకూలంగా తిప్పి చెప్పాడు.

"ఈత రాకేటి? బేషుగ్గా వచ్చు. అమ్మ మొక్కుంది, అందుకే దిగను" అన్నాడు.

పద్మిని నమ్మింది. చెప్పగా చెప్పగా అతనూ సగం నమ్మాడు. మొక్కే లేకపోతే తను ఈపాటికి ఎంత ఈతగాడయ్యేవాడో అని టికెట్ల గూట్లో కూర్చుని ఊహించుకునేవాడు కూడా. మనిషికి అలాంటి ఊహలు చాలా సుఖంగా ఉంటాయి, వాటిని నిరూపించమని ఎవరూ అడగరు కాబట్టి.

అడిగే రోజు కిందటేడాది వచ్చింది. మధ్యాహ్నం పడవ జెట్టీకి ఆనుకోబోతుండగా ఫోటో కోసం అంచుదాకా వెళ్ళిన టూరిస్టు ఒకడు కాలుజారి నీళ్ళలో పడ్డాడు. బాబ్జీ అప్పుడే టీ తాగడానికి గూట్లోంచి బయటికొచ్చాడు. అందరికంటే దగ్గరున్నది అతనే. "బాబ్జీ భయ్యా! కూదో! జల్దీ!" అని, తొందరగా దూకమని జెట్టీ అంతా అరిచింది. అందరి కళ్ళూ అతని మీదే. అతనికి కాళ్ళు బిగుసుకుపోయాయి. నీళ్ళలో ఆ మనిషి చెయ్యి రెండోసారి పైకి లేచింది. అప్పుడు తాళ్ళు పట్టే రాజ్‌కిరణ్, చెప్పులైనా విప్పకుండా, దూకాడు. రాజ్‌కిరణ్ తాతలు రాంచీ వైపు నుంచి ఇక్కడి అడవిపనికి వచ్చినవాళ్ళు. వాళ్ళ వంశంలో సముద్రం చూసిన మొదటి మనిషి వాళ్ళ తాతే. టూరిస్టు బతికాడు.

"కాలు పట్టేసింది రా, లేకపోతేనా..." అన్నాడు బాబ్జీ. అందరూ అయ్యో పాపం అన్నారు. డ్యూటీ అయ్యేదాకా ఎడమకాలు కుంటుతూ తిరిగాడు. లంబాలైన్‌లో ఇంటికి అలాగే వచ్చి, కాళ్ళు కడుక్కుని లేచేసరికి కుంటేది కుడికాలయింది. అతను గమనించలేదు గానీ పద్మిని గమనించింది.

విషయం విన్నాక పద్మిని ఆగలేకపోయింది. వంటింట్లో చేపలు తోముతున్న అత్త దగ్గరికి వెళ్ళి అడిగేసింది. "అత్తా, నీ మొక్కేటో గానీ ఇవాళ ఒక మనిషి సచ్చిపోవల్సింది. ఇంకా ఎన్నాళ్ళు ఆ మొక్కు?"

ఎరుకమ్మ కత్తిపీట పక్కకి జరిపి కోడలివైపు వింతగా చూసింది. "ఏ మొక్కే? పెల్లయ్యేదాకానే అని మనసులో అనుకునే గదా మొక్కినాను. మీ పెల్లినాడు పొద్దున్నే తీర్చీనాను. ఆడి సేతే కోడిని నీల్లల్లో ఒగ్గించినాను. పసుపూ కుంకుమా ఏసి, మరింక నీ ఇష్టంరా కొడకా అని సెప్పినాను. ఏరా, సెప్పనేదేటి?" అంది గుమ్మంలో నిలబడ్డ కొడుకువైపు తిరిగి.

చెప్పింది. బాబ్జీకి బాగా గుర్తుంది. ఆ పొద్దున్న మోకాలిలోతు నీళ్ళలో నిలబడి కోడిని వదిలినప్పుడు అతనికి కలిగింది సంతోషం కాదు, దిగులు. ఇకమీదట అడ్డం పెట్టుకోవడానికేమీ ఉండదని దిగులు. అందుకే తీరిపోయిన మొక్కుని తీరనట్టే పదమూడేళ్ళు మోశాడు. తల్లి వేసిన గొలుసు ఎప్పుడో ఊడిపోతే, దాన్ని ఏరి తెచ్చుకుని తన చేత్తో తానే కాలికి కట్టుకున్నాడు.

పద్మిని అన్నం పెట్టి, నీళ్ళు పెట్టి, టీవీ ముందు కూర్చుంది. ఆమె నాలుగు మాటలు తిట్టి ఉంటే అతనికి ఇంత బాధ ఉండేది కాదు.

మిడిల్ పాయింట్ దగ్గర సాగరమిత్ర క్లబ్బువాళ్ళకి ఒక ఈతకొలను ఉంది. అక్కడ సాయంత్రం పూట పెద్దవాళ్ళకొక గంట కేటాయించి నేర్పే అమ్మాయి పేరు కళ. ఇక్కడే పుట్టిన పిల్ల, జాతీయ పోటీలదాకా వెళ్ళొచ్చింది. తెలుగు చదవడం సరిగా రాదు గానీ మాట్లాడటం మొదలుపెడితే ఆగదు. బాబ్జీ గేటు దగ్గర అటూఇటూ చూసి, తెలిసినవాళ్ళెవరూ లేరని నిర్ధారించుకుని లోపలికెళ్ళాడు.

"సముద్రంలో ఈత వచ్చమ్మా. ఈ పూల్ స్టయిలే కొంచెం..." అన్నాడు.

కళ నవ్వింది. "భయ్యా, నా దగ్గర ఒకటే రూల్. వచ్చినోళ్ళు ముందు 'నాకు రాదు' అని గట్టిగా చెప్పాలి. ఈత వచ్చేసినోళ్ళకి నేర్పడం నాకు రాదు."

ఆ మాట అతని నోట రాలేదు. చేతకాదని ఒప్పుకోవడం కంటే చేతనైనట్టు నటించడమే సులువనిపించి నీళ్ళలోకి దిగాడు. చిన్నప్పటినుంచి గట్టుమీద కూర్చుని పేటలోవాళ్ళ ఈత వేలసార్లు చూసినవాడు కదా, అచ్చం అలాగే తల పైకెత్తి, మెడ సాచి, చేతులు విసిరాడు. మూడు బారలకి కాళ్ళు కిందికి దిగిపోయాయి. ముక్కులోకి నీళ్ళు పోయి, దగ్గుతూ గోడ పట్టుకున్నాడు.

"ఇది ఎవరి ఈత భయ్యా?" అంది కళ.

"మా నాన్నది. మా పేటలో అందరిదీ ఇదే."

"వాళ్ళు వల దగ్గర దూకుతారు. పడవ ఎటు పోతోందో చూసుకోవాలి, అందుకని తల ఎత్తుతారు. నువ్వు ఇక్కడ ఏ పడవని చూస్తున్నావ్? నాటక్ మత్ కరో. నీ తల దించు, నీ ఈత నువ్వు నేర్చుకో."

అతనికి ఒళ్ళు మండిపోయింది. కూతురు వయసు పిల్ల అందరిముందూ నాటకమనేసరికి తల తీసేసినట్టయింది. లేచి వెళ్ళిపోబోతుంటే పక్కన గోడని రెండు చేతులా వాటేసుకుని నిలబడ్డ ఒకామె పిలిచింది. గురమ్మ ఆమె పేరు. యాభై దాటింది. మిడిల్ పాయింట్‌లో ఒక హోటల్లో గిన్నెలు తోముతుంది, బాంబూఫ్లాట్‌లో ఉంటుంది, రోజూ బాబ్జీ దగ్గరే టికెట్టు తీసుకుంటుంది.

"ఓ టికెట్టు బాబూ! రాదని సెప్పీ, నోరేటి అరిగిపోద్దా? నాను సెప్పినాను, నాకేటైపోనాది?"

పట్టుబడిపోయాననుకున్నాడు బాబ్జీ. కానీ ఆమె ముఖంలో ఎగతాళి లేదు. గోడ వదలడానికే వణుకుతున్న మనిషి ఇంకొకణ్ణి ఏం ఎగతాళి చేస్తుంది? అతను నీళ్ళలోకి చూస్తూ, "నాకు రాదు" అన్నాడు. "జోర్ సే" అంది కళ. మళ్ళీ గట్టిగా అన్నాడు. అనేశాక భుజాలు తేలికయ్యాయి.

ఆ తరవాతి నెలలు అతని జీవితంలో అన్నిటికంటే మంచివి. పొట్ట కింద పలక పెట్టుకుని చిన్నపిల్లాడిలా కాళ్ళు కొట్టాడు. కొలనులో సగం నీళ్ళు తాగానని పద్మినికి చెప్పుకుని నవ్వాడు. ముఖం నీళ్ళలో ముంచి ఊపిరి వదలడం నేర్చుకున్నాడు. ఒక సాయంత్రం ఈ గోడ నుంచి ఆ గోడకి ఆగకుండా వెళ్ళి, తల ఎత్తి, తను వచ్చిన దూరం చూసుకుని ఏడ్చేశాడు. తడిముఖం కాబట్టి ఎవరికీ తెలియలేదు. ఉద్యోగం మేనమామ సిఫార్సుతో వచ్చింది. పిల్లని అమ్మ చూసింది. ఇల్లు పద్మిని చూసింది. ఆఖరికి అతని భయం కూడా అమ్మ పెట్టిందే. ఇదొక్కటే ఎవరూ ఇవ్వలేదు, ఎవరూ బలవంతపెట్టలేదు. రోజూ వెళ్ళకుండా ఉండగలిగీ వెళ్ళాడు. ఇదొక్కటే నాది అనుకున్నాడు.

గురమ్మకి మాత్రం అంత తొందరగా పట్టుబడలేదు. ఆమెవాళ్ళు పాలకొండ వైపు మెట్టప్రాంతం నుంచి చాతం రంపం మిల్లులో పనికి వచ్చినవాళ్ళు. సునామీనాడు నీళ్ళు తన కళ్ళముందే వీధిలోకి వచ్చి మొగుణ్ణి తీసుకుపోయాయి. అప్పటినుంచి పడవలో కూడా కళ్ళు మూసుకునే కూర్చుంటుంది.

"నాకు పోటీలేటీ వద్దు బాబూ. ఒక్కసారి ఈ నీల్ల మీద ఎల్లకిలా పడుకోవాల. దీనికి భయపడీ పడీ ఇసుగొచ్చీసింది. సచ్చీలోగా ఒక్కసారి పడుకుంటే సాలు" అంది.

బాబ్జీ ఆమె తలకింద చెయ్యి పెట్టేవాడు. "నేనున్నాను కదా అక్కా, ఒదిలీ" అనేవాడు. ఆమె గోడ మీంచి ఒక చెయ్యి తీసేది, రెండోది తీసేది కాదు. "నువ్వు నా కల్లముందే నేర్సుకున్నావు గాబట్టి నాకూ ఒస్తాదని దైర్నం. నేకపోతే ఏనాడో మానీదును" అనేది. అది వింటే కళ మెచ్చుకోలు కంటే ఎక్కువ గర్వంగా ఉండేది అతనికి.

వేసవి ముందు కళ అతన్ని పక్కకి పిలిచింది. పెద్దవాళ్ళ గంట తీసేయాలని క్లబ్బు ప్రెసిడెంటు అంటున్నాడట. ఈ వయసులో ఎవరికీ రాదు, ఆ గంట హోటళ్ళ టూరిస్టులకి ఇచ్చేద్దామంటున్నాడట.

"భయ్యా, కార్బిన్స్ కోవ్ బీచిలో మన క్లబ్బు సముద్రపు పోటీ ఉంది కదా. పెద్దవాళ్ళ దాంట్లో పేరివ్వు. గెలవక్కర్లేదు. పూరా చేసి, మైకులో ఒక్క మాట చెప్పు. 'నాకు ఈత రాదు, ఈ పూల్‌లో నేర్చుకున్నాను' అని. ప్రెసిడెంట్ అక్కడే ఉంటాడు. బస్, ఒక్క మాట."

"ఒక్క మాటేటమ్మా, పది మాటలు చెప్తాను" అన్నాడు బాబ్జీ. మనస్ఫూర్తిగానే అన్నాడు. ఆ సంగతి నేను కాదనను.

పోటీ ఆదివారం పొద్దున్న జరిగింది. జంగ్లీఘాట్ పేట సగం ఒడ్డునే ఉంది. జెట్టీ నుంచి రాజ్‌కిరణ్, ఇంకా నలుగురు వచ్చారు. పద్మిని కొత్త చీర కట్టుకుంది. ఎరుకమ్మ రానంది, ఇంట్లోనే కూర్చుని దణ్ణాలు పెట్టుకుంటూ ఉండిపోయింది. గురమ్మ సెలవు పెట్టి మరీ వచ్చి, అలలకి అందనంత దూరంలో కొబ్బరిచెట్టుని ఆనుకుని నిలబడింది. దిగేముందు బాబ్జీ ఆమెవైపు చెయ్యి ఊపాడు.

సముద్రం కొలను కాదు. మొదటి అల అతని ముఖం మీద కొట్టినప్పుడు పాత భయమంతా ఒక్కసారి తిరిగొచ్చింది. వెనక్కి తిరిగితే అడిగేవాడు లేడు. కాపలా పడవ పక్కనే ఉంది, చెయ్యెత్తితే ఎక్కించుకుంటారు. ఎత్తలేదు. తల దించాడు. కళ నేర్పినట్టే ఊపిరి వదిలాడు. బార తరవాత బార వేస్తూ, మలుపు గుర్తుగా నీళ్ళలో నిలిపిన జెండా చుట్టి వచ్చాడు. తండ్రిని దాచుకున్న నీళ్ళలోంచి తనంతట తాను ఈదుకుంటూ ఒడ్డుకొచ్చాడు. ఇసక తగిలి నిలబడ్డప్పుడు రెండో స్థానమని తెలిసింది. కథ అక్కడ ఆగిపోయి ఉంటే ఎంత బాగుండేది.

మైకు పట్టుకున్నవాడికి పేర్ల పక్కన ఊళ్ళు చదవడం సరదా. "జంగ్లీఘాట్ కా షేర్! మచ్ఛీవాలే యర్రయ్య కా బేటా! ఇస్‌కే ఖూన్ మే సమందర్ హై!" అని, వీడి రక్తంలోనే సముద్రముందని ఊగిపోయాడు. పేటవాళ్ళు ఈలలు వేశారు. "యర్రయ్య కొడుకురా! ఎక్కడికి పోతాదిరా రక్తం!" అని ఎవరో ముసలాయన అరిచాడు. నలుగురు వచ్చి అతన్ని భుజాలమీదికి ఎత్తబోయారు. కళ తువ్వాలు పట్టుకుని ఎదురుగా నిలబడింది. ఆమె పక్కనే క్లబ్బు ప్రెసిడెంటు.

"బాబ్జీ భయ్యా, కిస్‌నే సిఖాయా? ఎవరు నేర్పారు?" అని మైకు నోటిముందు పెట్టారు.

చెప్పవలసింది చిన్న మాట. కొలనులో నెలలపాటు తడబడకుండా అన్న మాట. కానీ అక్కడ వింటున్నది పది మంది, ఇక్కడ వింటున్నది పేట. నాకు రాదు అంటే, మరి ఇన్నేళ్ళూ? చెవిలో చీము కారడమేమిటి? జెట్టీలో కాలు పట్టేయడమేమిటి? అవన్నీ ఒకదాని వెనక ఒకటి లేచి నిలబడతాయి. చిన్నప్పటినుంచి వాళ్ళు అతని మీద ఊరికే పెట్టుకున్న నమ్మకం ఇప్పుడు నిజమై చేతికందుతోంది. ఒక్కసారి తల ఊపితే చాలు. పద్మిని కూడా నోరు కొంచెం తెరిచి అతనివైపే చూస్తోంది.

"మాకెవరు నేర్పుతారు భయ్యా" అన్నాడు బాబ్జీ. నవ్వాడు కూడా. "రక్తంలో ఉంటాది. మేము పుట్టీటప్పుడే ఈదుకుంటూ పుడతాం."

ఒడ్డంతా గోలెత్తిపోయింది. పద్మిని చప్పట్లు కొట్టింది. నిజం ఆమెకి తెలుసు, కానీ నమ్మేయడం ఆమెకీ హాయిగానే ఉంది. ప్రెసిడెంటు కళవైపు తిరిగి, "దేఖా? వచ్చేవాళ్ళకి పుట్టుకతోనే వస్తుంది. రానివాళ్ళకి నువ్వెంత నేర్పినా దండగ" అన్నాడు. కళ తువ్వాలు అతని చేతికిచ్చింది. "కంగ్రాచులేషన్స్ సార్" అంది. ఇన్నాళ్ళూ భయ్యా అన్న పిల్ల సార్ అనేసరికి బాబ్జీకి ఒంటిమీద నీళ్ళు చల్లబడ్డాయి.

తన చెమటతో సంపాదించుకున్న ఒకే ఒక్కదాన్ని, ఎన్నడూ నేర్పని తండ్రికి రాసిచ్చేశాడు. ఎవరూ లాక్కోలేదు. అడిగిందే తడవుగా ఇచ్చేశాడు.

సోమవారం సాయంత్రం కొలనుకి వెళ్ళే ముఖం లేక, ఇంకొకడి డ్యూటీ అడిగి తీసుకుని టికెట్ల గూట్లో కూర్చున్నాడు. క్లాసు జరుగుతుండవలసిన వేళకి గూటి ముందుకి గురమ్మ వచ్చింది. చేతిలో ఎప్పుడూ ఉండే తడిబట్టల సంచి లేదు.

"ఏటక్కా, ఇవాళ క్లాసుకి ఎళ్ళలేదా?"

"మానీసినాను బాబూ."

"మానీడమేటి? నెలాఖరుదాకా ఉంది కదా."

"ఉంటే మాత్రం?" ఆమె గొంతులో కోపం లేదు, నిష్ఠూరం లేదు. అలిసిపోయిన పనిమనిషి గొంతు అది. "నీకంటే రకతంలో ఉంది. గంగమ్మ బిడ్డలు మీరు. మావోల్లు మెట్ట మనుసులు, నాకెక్కడ్నుంచొస్తాది? ఇన్నాల్లూ ఊరికే గోడట్టుకుని ఏలాడినాను."

బాబ్జీ గూట్లోంచి లేచి నిలబడ్డాడు. "అక్కా, అది అబద్ధం. నేను నీ పక్కనే కదా నేర్చుకున్నాను. పలక పొట్ట కింద పెట్టుకుని కాళ్ళు కొట్టలేదా? నీళ్ళు తాగి దగ్గలేదా? నువ్వు చూళ్ళేదా? నాకు రాదని నీ ముందే చెప్పాను కదా!"

గురమ్మ అతన్ని జాలిగా చూసింది. బాధపడుతున్నవాణ్ణి ఊరుకోబెట్టే చూపు అది. "అదంతా నాకు దైర్నం సెప్పీటానికి సేసినావని నిన్న మైకులో ఇన్నాకే తెలిసినాది బాబూ. మంచోడివి. అంతమంది ముందర నీ నోటితో అబద్దమాడతావేటి?"

టికెట్టు తీసుకుంది. పడవలోకి ఎక్కి, అంచుకి దూరంగా నడుమ బల్ల చూసుకుని కూర్చుంది. కళ్ళు గట్టిగా మూసుకుంది.

పడవ ఇంకా కదల్లేదు. తాడు విప్పడానికి రాజ్‌కిరణ్ ఇప్పుడే వంగుతున్నాడు. నాలుగడుగులు వేసి, అందరిముందూ గట్టిగా అరిచి చెప్పడానికి బోలెడు వ్యవధి ఉంది. గూటి తలుపు మీద బాబ్జీ చెయ్యి పడింది.

"అరే, ఛాంపియన్ భయ్యా!" అన్నాడు వరసలో ముందున్నవాడు, వెనకవాళ్ళకి వినబడేలా. "దో టికెట్ దేనా."

బాబ్జీ కూర్చుని, రెండు టికెట్లు చింపి ఇచ్చాడు.